కోహిమా: ఒక కనుమ ఊరు, 1944 నాటి యుద్ధం

మీ ప్రశ్నలో మూడు సందేహాలున్నాయి. రెండో ప్రపంచ యుద్ధంలో బ్రిటిష్ సైన్యపు సరకు గోదాములన్నీ కింద దిమాపూర్‌లో ఉండగా, జపాన్ సైన్యం కొండ మీద ఉన్న కోహిమా కోసం ఎందుకంతగా పోరాడిందన్నది మొదటిది. టెన్నిస్ కోర్టులో యుద్ధం జరిగిందన్న మాట నిజమేనా, లేక చెప్పుకుంటూ చెప్పుకుంటూ పెంచిన కథా అన్నది రెండోది. మన తెలుగువాళ్లకు ఆ దారితో ఏమైనా సంబంధం ఉందా అన్నది మూడోది. నాగాలాండ్, మణిపూర్ కొండల్లో రహదారి నిర్మాణ పనుల్లో నేను చాలా ఏళ్లు గడిపాను. కోహిమాలోనే మూడు వానాకాలాలు ఉన్నాను. ఆ యుద్ధాన్ని పటాలాల పేర్లతో మొదలుపెట్టి చదివితే తికమక తప్ప ఏమీ మిగలదని, కొండ వాలు, నీటి ఊట, రోడ్డు మలుపు అనే మూడింటితో మొదలుపెడితే దాదాపు అంతా తేటపడుతుందని నా అనుభవం. అందువల్ల ముందుగా ఊరి నైసర్గిక స్వరూపం గురించి కాస్త వివరంగా రాస్తున్నాను.

కోహిమా సముద్రమట్టానికి సుమారు 1,400 మీటర్ల ఎత్తున ఉంది. ఊరికి దక్షిణాన 3,048 మీటర్ల జప్ఫూ శిఖరం, దానికి ఇవతల పులీబాజే కొండ ఉన్నాయి. ఆ పెద్ద కొండల నుంచి ఒక వెన్ను ఉత్తరంగా దిగుతూ వచ్చి, ఊరి మధ్యకు వచ్చేసరికి బాగా కుంగి, మళ్లీ కోహిమా గ్రామం ఉన్న గుట్టగా పైకి లేస్తుంది. ఆ కుంగిన చోటే కనుమ. దిమాపూర్ నుంచి బయలుదేరిన ఘాట్ రోడ్డు 74 కిలోమీటర్లలో దాదాపు 1,250 మీటర్లు పైకెక్కి, వెన్నుకు పడమటి పక్కగా వచ్చి, దాని ఉత్తరపు కొసను చుట్టుకుని తూర్పు పక్కకు తిరిగి, అక్కడి నుంచి దక్షిణంగా మావో మీదుగా ఇంఫాల్‌కు మరో 140 కిలోమీటర్లు సాగుతుంది. అంటే రోడ్డు ఆ వెన్నును రెండు పక్కలా కౌగిలించుకున్నట్టు ఉంటుంది. వెన్ను మీద ఒక్క మరతుపాకి ఉన్నా కింద ఏ లారీ కదలలేదు. ఆ రోడ్డును తప్పించుకుని ఇంఫాల్‌కు పోవడానికి భారీ బండ్లు వెళ్లగల మరో దారి ఆనాడు ఆ ప్రాంతంలో లేదు. మీ మొదటి ప్రశ్నకు సగం జవాబు ఇదే.

మిగతా సగం దిమాపూర్‌లో ఉంది. బ్రహ్మపుత్ర మైదానపు అంచున ఉన్న ఆ రైలు స్టేషను వద్ద బ్రిటిష్ సైన్యం దాదాపు 18 కిలోమీటర్ల పొడవు, కిలోమీటరున్నర వెడల్పున సరకు నిల్వలు పేర్చింది. ఇంఫాల్‌లో ఉన్న నాలుగో కోర్‌కు (కొన్ని డివిజన్లు కలిసిన పెద్ద సేనకు) తిండి, మందుగుండు, పెట్రోలు అన్నీ అక్కడి నుంచి కోహిమా కనుమ దాటి వెళ్లవలసిందే. చైనాకు సరకు చేరవేసే విమాన స్థావరాలకూ, అస్సాం నుంచి చైనా వైపు వేస్తున్న లేడో రోడ్డుకూ ఆధారమైన రైలు మార్గం ఆ స్టేషను గుండానే పోతుంది. కనుక కోహిమా చేజిక్కితే జపాన్‌కు ఒకే దెబ్బకు రెండు పనులు అవుతాయి: ఇంఫాల్ ఒంటరవుతుంది, దిమాపూర్ కళ్లెదుట నిలుస్తుంది.

నేల గురించి కూడా రెండు మాటలు చెప్పాలి. కోహిమా కొండల్లో ఎక్కువ భాగం డిసాంగ్ షేల్ రాయి. పలకలు పలకలుగా విరిగే ఆ మెత్తని రాయి వాన తాగితే బురదగా మారి జారిపోతుంది. మేము పొద్దున వేసిన గోడ పక్కనే మధ్యాహ్నానికి వాలు కిందికి దిగిపోవడం నేను కళ్లారా చూశాను. ఊళ్లోని కొన్ని పేటలు ఇప్పటికీ ఏటా కాస్త కాస్త కుంగుతూనే ఉన్నాయి. ఇటువంటి వాలు మీద కందకం తవ్వడం తేలిక, దాన్ని నిలబెట్టుకోవడం కష్టం. ఏప్రిల్‌లో మొదలైన పోరు జూన్ వానల్లోకి సాగినప్పుడు ఇరు పక్షాలవారూ శత్రువుతో పాటు ఈ నేలతోనూ పోరాడవలసి వచ్చింది.

ఇక నీరు. వెన్ను మీద కట్టిన ఊరు కాబట్టి వాన ఎంత కురిసినా నీళ్లన్నీ లోయలోకి జారిపోతాయి. ఫిబ్రవరి, మార్చి నెలల్లో కోహిమా వీధుల్లో నడిస్తే ప్రతి ఇంటి ముందూ ప్లాస్టిక్ డ్రమ్ములు వరసగా కనబడతాయి, జనం ట్యాంకరు కోసం ఎదురుచూస్తూ ఉంటారు. ముట్టడి జరిగింది సరిగ్గా ఆ ఎండు నెలలు ముగిసే వేళే. ఆ డ్రమ్ములను చూసినవారికి 1944 ఏప్రిల్‌లో ఆ కొండ మీద ఏం జరిగి ఉంటుందో ఎవరూ చెప్పనక్కరలేదు.

యుద్ధానికి ముందు కోహిమా చాలా చిన్నది. అసలు ఊరు కెవ్హీరా అనే అంగామీ నాగాల గ్రామం. ఇప్పుడు దాన్ని బడా బస్తీ అంటారు. పక్కన ఉన్న వెన్ను మీద 1878లో బ్రిటిష్‌వారు పాలనా కేంద్రం నెలకొల్పారు. మరుసటి ఏడు అక్టోబరులో ఖోనోమా గ్రామం వద్ద బ్రిటిష్ అధికారి డేమంట్‌ను అంగామీలు చంపి, తరవాత కోహిమా శిబిరాన్నే ముట్టడించారు. మణిపూర్ నుంచి వచ్చిన దళం దాన్ని విడిపించింది. కాబట్టి 1944 నాటిది కోహిమాకు మొదటి ముట్టడి కాదు. ఈ విషయం చాలామంది రాసేవాళ్లు వదిలేస్తారు. అదే వెన్నును 65 ఏళ్ల ముందు స్థానికులే చుట్టుముట్టారన్న సంగతి తెలిస్తే ఆ చోటి బలం, బలహీనత రెండూ ఇంకా బాగా అర్థమవుతాయి.

మీ మూడో ప్రశ్నకు జవాబు కాలక్రమంలో ఇక్కడే వస్తుంది, కనుక ఇక్కడే చెబుతాను. ఉత్తరాంధ్ర, గోదావరి జిల్లాల నుంచి బర్మాకు కూలికి వెళ్లడాన్ని మన పెద్దలు ‘రంగం పోవడం’ అనేవారు. రంగూన్ రేవులోనూ ధాన్యపు మిల్లుల్లోనూ తెలుగువాళ్లు పెద్ద సంఖ్యలో ఉండేవారు. కోరంగి రేవు నుంచి ఓడ ఎక్కిన కారణంగా బర్మాలో వారిని ‘కోరంగీలు’ అని పిలిచేవారు. 1942లో జపాన్ బర్మాను ఆక్రమించుకున్నప్పుడు ఓడల్లో చోటు దొరకని లక్షలాది భారతీయులు నడిచి దేశం చేరవలసి వచ్చింది. వారు పట్టిన దారుల్లో ముఖ్యమైనది తమూ, పాలేల్, ఇంఫాల్, కోహిమా మీదుగా దిమాపూర్ రైలుకు చేరేది. కలరా, మలేరియా, ఆకలి దారి పొడవునా ఎందరినో పొట్టన పెట్టుకున్నాయి. రంగం నుంచి నడిచి వచ్చినవాళ్ల కథలు మా శ్రీకాకుళం పల్లెల్లో నా చిన్నతనంలో కూడా చెప్పుకునేవారు; ఆ కథల్లో ఊర్ల పేర్లు ఉండేవి కావు, ‘కొండలు, జలగలు, వాన’ అనేవి మాత్రం ఉండేవి. ఉద్యోగంలో చేరి ఆ ఘాట్ రోడ్డును మొదటిసారి చూసిన రోజున ఆ మాటలు నాకు గుర్తొచ్చాయి. 1942లోనే ఏప్రిల్ 6న జపాన్ విమానాలు విశాఖపట్నం, కాకినాడల మీద బాంబులు వేశాయి కాబట్టి, ఆ యుద్ధం మన తీరానికి మరీ దూరమైనదేమీ కాదు.

ఇప్పుడు 1944కు వద్దాం. జపాన్ పదిహేనో సైన్యాధిపతి ముతాగుచి మూడు డివిజన్లను భారతదేశం మీదికి పంపాడు. రెండు ఇంఫాల్ వైపు, ఒకటి కోహిమా వైపు. కోహిమాకు వచ్చింది లెఫ్టినెంట్ జనరల్ సాతో నాయకత్వంలోని 31వ డివిజన్. అందులో సుమారు 15 వేల మంది ఉన్నారు. మార్చి 15న చింద్విన్ నది దాటి, అడ్డంగా పడి ఉన్న కొండ వరసలను ఒకదాని తరవాత ఒకటి ఎక్కి దిగుతూ, ఏప్రిల్ 4 నాటికి వారు కోహిమా అంచుకు చేరారు. వెంట తెచ్చుకున్నది మూడు వారాల తిండి. నడిపించుకొచ్చిన పశువుల మందలో చాలా భాగం నదిలోనూ కొండల్లోనూ పోయింది. ఆ కొండల్లో ఒక పెద్ద డివిజన్ మొత్తం నడిచి రాగలదని బ్రిటిష్ సేనాధిపతి స్లిమ్ అనుకోలేదు. మహా అయితే ఒక రెజిమెంటు వస్తుందని లెక్క వేశానని, అది తన తప్పేనని ఆయనే తరవాత ఒప్పుకున్నాడు.

వారి వేగాన్ని తగ్గించినవి రెండు చిన్న పోరాటాలు. మార్చి రెండో సగంలో సాంగ్‌షాక్ వద్ద 50వ భారత పారాచూట్ బ్రిగేడ్, ఆ వెంటనే జెసామీ, ఖరాసోమ్ వద్ద ఒకటో అస్సాం రెజిమెంటు నిలిచి పోరాడి కొన్ని విలువైన రోజులు సంపాదించి పెట్టాయి. ఆ రోజులే లేకపోతే కోహిమాలో నిలబడేవారే ఉండేవారు కారని నా నమ్మకం. ఎందుకంటే 161వ భారత బ్రిగేడ్‌ను కోహిమా నుంచి వెనక్కి దిమాపూర్‌కు పిలిపించి, మళ్లీ హడావిడిగా పైకి పంపారు. ఏప్రిల్ 5న అందులోంచి నాలుగో రాయల్ వెస్ట్ కెంట్ పటాలం, సుమారు 450 మంది, లోపలికి చేరగలిగింది. మిగతా బ్రిగేడ్ మూడు కిలోమీటర్ల అవతల జోత్సోమాలో ఆగిపోయింది. కర్నల్ రిచర్డ్స్ ఆధీనంలో వెన్ను మీద ఉన్నవారు మొత్తం రెండున్నర వేలు. వారిలో వెయ్యి మంది దాకా గుమాస్తాలు, వంటవాళ్లు, డ్రైవర్ల వంటి పోరాటం ఎరగని వాళ్లు.

వెన్ను మీది గుట్టల పేర్లు చూడండి. దక్షిణం నుంచి ఉత్తరానికి: జీపీటీ రిడ్జ్, జైల్ హిల్, డీఐఎస్ హిల్, ఎఫ్ఎస్‌డీ హిల్, కుకీ పికెట్, గారిసన్ హిల్, చివరన డిప్యూటీ కమిషనరు బంగళా. వీటిలో అక్షరాల పేర్లన్నీ సైన్యపు సరకు విభాగాలవే. రవాణా బండ్లు నిలిపిన చోటు జీపీటీ, విడిగా సరకు పంచిన చోటు డీఐఎస్, తిండి సామాను గోదాము ఎఫ్ఎస్‌డీ. యుద్ధానికి ముందురోజు దాకా అవి రొట్టెలు కాల్చిన పొయ్యిలు, బియ్యం బస్తాలు, గుడిసెలు ఉన్న గుట్టలు. లాన్స్ కార్పొరల్ జాన్ హార్మన్ జపాన్ మరతుపాకి గూళ్ల మీదికి ఒంటరిగా వెళ్లి బ్రిటిష్ సైన్యపు అత్యున్నత పతకమైన విక్టోరియా క్రాస్ పొందినది, ప్రాణం విడిచినది కూడా రొట్టెల పొయ్యిలున్న ఆ డీఐఎస్ హిల్ మీదే.

మొదటి రెండు రోజుల్లోనే జీపీటీ రిడ్జ్, జైల్ హిల్ పోయాయి. జీపీటీతో పాటు గారిసన్‌కు, అంటే వెన్ను మీది కాపలా సేనకు, నీళ్లిచ్చే ఏర్పాటూ పోయింది. తరవాత గారిసన్ హిల్ ఉత్తరపు వాలున ఒక చిన్న ఊట దొరికింది కానీ, అది శత్రువు తుపాకి గురిలో ఉండటంతో రాత్రిపూట పాకుతూ వెళ్లి నింపుకురావలసి వచ్చేది. మనిషికి రోజుకు దక్కింది పెద్ద గ్లాసుడు నీళ్ల లోపే. విమానాల నుంచి జారవిడిచిన నీటి డబ్బాల్లో, మోర్టారు గుండ్లలో కొంత భాగం గాలికి కొట్టుకుపోయి జపాన్ వారి చేతికి చిక్కింది. ఒక్కొక్క గుట్టే జారిపోతూ ఏప్రిల్ 17, 18 నాటికి గారిసన్‌వారందరూ గారిసన్ హిల్ నెత్తిన కొన్ని వందల గజాల జాగాకు కుదించుకుపోయారు. గాయపడినవారిని పైకప్పు లేని కందకాల్లో పడుకోబెడితే, పడుకున్నచోటే రెండోసారి గాయపడ్డవాళ్లున్నారు. జోత్సోమా నుంచి భారత కొండ ఫిరంగులు, లోపలివారు రేడియోలో చెప్పిన గురిని బట్టి, వారి కందకాలకు కొద్ది గజాల ముందు గుండ్లు వేస్తూ రాకపోతే ఆ జాగా కూడా దక్కేది కాదు. జోత్సోమా గట్టు మీద నిలబడితే కోహిమా వెన్ను మొత్తం పక్కవాటంగా కళ్లెదుట పరచుకుని ఉంటుంది; ఫిరంగులకు అంతకన్నా అనువైన చోటు చుట్టుపక్కల లేదు. ఏప్రిల్ 18న ఒకటో పంజాబ్ రెజిమెంటుకు చెందిన పటాలం దారి తెరిచింది.

ఇక టెన్నిస్ కోర్టు. అది కథ కాదు, నిజం. డిప్యూటీ కమిషనరుగా ఉన్న చార్లెస్ పాసీ బంగళా వెన్ను ఉత్తరపు కొసన, రోడ్డు మలుపు తిరిగే చోట మెట్లు మెట్లుగా కోసిన వాలు మీద ఉండేది. బంగళా ఒక మెట్టు మీద, టెన్నిస్ కోర్టు దాని పై మెట్టు మీద, క్లబ్బు ఇంకా పైన. ఏప్రిల్ రెండో వారానికి బంగళా జపాన్ వారి చేతికి పోయింది. ఇక కోర్టుకు ఒక అంచున గారిసన్‌వారు, మరో అంచున జపాన్ వారు. నడుమ ఉన్నది కోర్టు వెడల్పే, అంటే ఒకరి దగ్గు మరొకరికి వినబడే దూరం. చేతితో విసిరిన గ్రెనేడు అవతలి కందకంలో పడుతుంది. మెట్టు అంచు నిటారుగా ఉన్నందున పైనున్న ఫిరంగి కిందివారిని కొట్టలేదు, కిందివారు తల ఎత్తి పైకి రాలేరు. అందువల్లనే ముట్టడి తొలగిపోయాక కూడా ఆ చిన్న జాగా దాదాపు నెల రోజులు ఎటూ తెగలేదు. చివరకు బుల్డోజరుతో వాలు కోసి బాట తీశాక, మే 13న డోర్సెట్ పటాలంవారికి అండగా ఒక లీ రకం ట్యాంకు కిందికి జారి సరిగ్గా కోర్టులోకి దిగి, కొద్ది గజాల దూరం నుంచి బంకర్లను ఒక్కొక్కటిగా పేల్చింది. ఆ మెత్తని షేల్ వాలు మీద, తవ్వితే జారే నేలలో, శత్రువు కాల్పుల మధ్య ట్యాంకు దిగగలిగే బాట వేయడం ఎంతటి పనో రహదారి పని చేసినవాడిగా నేను ఊహించగలను.

ముట్టడి ముగిసిన తరవాతి నెలన్నర గురించి తక్కువమంది రాస్తారు కానీ, అసలు నష్టం ఎక్కువగా జరిగింది అప్పుడే. రెండో బ్రిటిష్ డివిజన్ వెన్నును ఎదురుగా ఢీకొట్టడంతో పాటు రెండు పక్కల నుంచి చుట్టుముట్టాలని చూసింది: ఎడమన మెరేమా మీదుగా నాగా గ్రామానికి (కెవ్హీరాకు) ఒక బ్రిగేడ్, కుడిన ఖోనోమా, పులీబాజే వాలుల మీదుగా జీపీటీ రిడ్జ్‌కు మరొకటి. పటం మీద బెత్తెడున్న ఆ కుడిపక్క నడకకు రోజులకు రోజులు పట్టింది. నిటారు అడవి, నిలబడనివ్వని బురద, పొగమంచు. మోత మోసి, దారి చూపినవారు నాగాలు. మే 6న జీపీటీ మీద పోరాడుతూ మరణించిన కెప్టెన్ జాన్ రాండిల్‌కు రెండో విక్టోరియా క్రాస్ దక్కింది. మే 11 నుంచి 13 వరకు సాగిన దాడిలో ఏడో భారత డివిజన్‌కు చెందిన 33వ బ్రిగేడ్ జైల్ హిల్‌ను పట్టుకోవడంతో వెన్ను తిరిగి చేతికొచ్చింది. తిండీ గుండ్లూ అందని సాతో, పైవాళ్ల ఆజ్ఞను కాదని, మే 31 నుంచి తన డివిజన్‌ను వెనక్కి నడిపించాడు. జూన్ 22న 109వ మైలురాయి దగ్గర కోహిమా నుంచి దిగిన సేన, ఇంఫాల్ నుంచి ఎక్కిన సేన కలుసుకోవడంతో రోడ్డు తెరుచుకుంది. విచిత్రమేమిటంటే, జూలైలో సాతోనూ తొలగించారు, గెలిచిన రెండో డివిజన్ అధిపతి గ్రోవర్‌నూ తొలగించారు. సాతో విషయంలో నా అభిప్రాయం సూటిగా చెబుతాను: చేతిలో బియ్యం లేని వేలమందిని వానలో అక్కడే నిలబెట్టి చంపుకోకుండా వెనక్కి తెచ్చిన నిర్ణయం సరైనదే.

సాతో నేరుగా దిమాపూర్ మీదికి దిగి ఉంటే ఏమయ్యేదన్న ప్రశ్న మీ మాటల్లోనూ ఉంది. ముతాగుచి అలాగే పంపాలనుకున్నాడు, బర్మాలో అతని పై అధికారి కవాబే ఒప్పుకోలేదు. దిమాపూర్‌లో ఏప్రిల్ మొదట్లో కాపలా చాలా పలచగా ఉంది కాబట్టి అది బ్రిటిష్‌వారికి దొరికిన పెద్ద అదృష్టమని స్లిమ్ భావించాడు. నేనూ అంతే అనుకుంటాను.

బ్రిటిష్, భారత సేనల్లో మరణించినవారు, గాయపడినవారు, కనబడకుండా పోయినవారు కలిపి కోహిమా పోరులో 4 వేల పైచిలుకు. జపాన్ వైపు 5,700కు పైగా లెక్క చెబుతారు. వెనుదిరిగిన దారిలో ఆకలికి, జబ్బులకు పోయినవారు ఇంకా ఎందరో. జపాన్ వారి వెంట ఆజాద్ హింద్ ఫౌజు సైనికులూ ఉన్నారు కనుక, ఆ కొండల్లో భారతీయులు రెండు వైపులా నిలిచారన్న సంగతిని ఈ యుద్ధం గురించి మాట్లాడేటప్పుడు మరవకూడదు. అలాగే నాగాలందరూ ఒకే వైపున ఉన్నారని రాయడం కూడా సరికాదు. చాలామంది గాయపడినవారిని మోశారు, శత్రువు జాడ చెప్పారు. తరవాతి కాలంలో నాగా ఉద్యమ నాయకుడైన ఫిజో మాత్రం బర్మాలో జపాన్ వైపు పనిచేశాడు. ఏ వైపున ఉన్నా, రెండు నెలల ఫిరంగుల తరవాత కెవ్హీరా గ్రామంలో నిలిచిన ఇల్లంటూ మిగల్లేదు. ఎవరి గొడవకో తమ ధాన్యపు గాదెలు కాలిపోయినవారి నష్టానికి ఏ స్మారకం మీదా లెక్క కనబడదు. ఇది నన్ను ఎప్పుడూ బాధిస్తుంది.

మీరు వెళ్లదలచుకుంటే నవంబరు, ఫిబ్రవరి మధ్య వెళ్లండి. వానల్లో కొండచరియలు రోడ్డును ఎప్పుడు మూసేస్తాయో చెప్పలేం. ముందు జోత్సోమా వైపు నుంచి పొద్దున్నే వెన్నును చూడండి, తరవాత ఊళ్లోకి రండి. జీపీటీ నుంచి గారిసన్ హిల్ దాకా తీరిగ్గా నడిచినా గంట పట్టదు; ఆ గుట్టలన్నీ ఇప్పుడు ఇళ్లు, దుకాణాలతో నిండిపోయాయి కాబట్టి ఒక్కొక్క ఎత్తునూ కాళ్లతోనే గుర్తుపట్టాలి. గారిసన్ హిల్ మీది యుద్ధ శ్మశానంలో 1,420 సమాధులు మెట్లు మెట్లుగా దిగుతాయి. పై భాగాన, దహన సంస్కారం జరిగిన 917 మంది హిందూ, సిక్కు సైనికుల పేర్లున్న స్మారకం ఉంది. చాలామంది చూడకుండా దిగిపోతారు, మీరు మాత్రం అక్కడిదాకా ఎక్కండి. టెన్నిస్ కోర్టు గీతలను అదే చోట తెల్లని కాంక్రీటుతో వేసి ఉంచారు. ఒక మూల నిలబడి అవతలి అంచు దాకా అడుగులు లెక్కపెట్టండి. కోర్టు పక్కన ఉన్న చెర్రీ చెట్టు అప్పట్లో జపాన్ తుపాకీదారులు కాపు కాసిన చెట్టు మోడు నుంచి మళ్లీ చిగురించినది.